ఆలిస్ అట్టముక్కలు

1878 ప్రాంతంలో చార్ల్స్ హోవర్డ్ హింటన్ అనే యువకుడు లండన్‌లో ఒక ఇరుకు ఇంటికి చిన్న చిన్న చెక్క ఘనాలు చాలా తెచ్చాడు. ఆ ఇంట్లో ఐదుగురు ఆడపిల్లలు. చివరి ముగ్గురినీ కూర్చోబెట్టి వాటిని పేర్చే పని అప్పగించాడు. పేర్చడం ఒక్కటే అయితే ఆటలా ఉండేది. ఆయన ఒక్కో ఘనానికీ లాటిన్ మాటలాంటి పేరొకటి తగిలించాడు, ఆ జాబితా మొత్తం కంఠస్థం చెయ్యమన్నాడు. ఏ ఘనం పక్కన ఏది ఉంది, పేర్చిన కట్టను అటు తిప్పితే ఏది ఎక్కడికి పోతుంది, అన్నీ మనసులోనే చూడగలగాలి. అలా సాధన చేస్తే పొడవు, వెడల్పు, ఎత్తు అనే మూడు మితులు దాటి నాలుగోది కూడా మనసుకు అందుతుందని ఆయన గట్టి నమ్మకం.

ఆఖరి పిల్ల ఎథెల్‌కు అదంతా విసుగు పుట్టించింది. లూసీకి కూడా పెద్దగా పట్టలేదంటారు. మధ్యపిల్ల అలీసియాకు అప్పటికి పద్దెనిమిదేళ్లు. ఇంట్లో ఆలిస్ అని పిలిచేవారు. ఆ ఘనాలు ఆమెను పట్టుకున్నాయి. కొంతకాలానికి, నేర్పడానికి వచ్చిన మనిషి తడుముకుంటూ వెతికేవి నేర్చుకునే పిల్లకు కనబడసాగాయి.

ఆ ఇంటి సంగతి కొంచెం చెప్పాలి. తండ్రి జార్జ్ బూల్. ఆలోచనను బీజగణితంలా రాయవచ్చని చూపిన మనిషి, ఈనాటి ప్రతి కంప్యూటర్ లోపలా ఆయన తర్కమే నడుస్తోంది. ఐర్లండ్‌లోని కార్క్‌లో ఆచార్యుడుగా ఉంటూ, 1864లో ఒకనాడు వానలో తడిసి, ఆ తడిబట్టలతోనే పాఠం చెప్పి, జ్వరం తెచ్చుకుని డిసెంబరులో పోయాడు. అప్పటికి ఆలిస్‌కు నాలుగేళ్లు. తల్లి మేరీ ఎవరెస్ట్ బూల్ పిల్లలను తీసుకుని బతుకుతెరువుకు లండన్ వెళ్లింది. ఆలిస్ మాత్రం కొన్నేళ్లు కార్క్‌లో అమ్మమ్మ దగ్గర పెరిగి, ఆ తరువాతే తల్లి పంచన చేరింది. చాలీచాలని డబ్బు, చాలీచాలని గదులు. గణితంలో ఆమె పద్ధతిగా చదివింది యూక్లిడ్ మొదటి రెండు పుస్తకాలేనంటారు. అంటే త్రిభుజాలూ, చతురస్రాలూ. అంతకుమించి నేర్పినవారు లేరు.

తల్లి పుట్టింటి పేరు చూశారు కదా. హిమాలయ శిఖరానికి పేరు పెట్టింది ఆవిడ పెదనాన్న జార్జ్ ఎవరెస్ట్ గౌరవార్థమే. ఆ ఎవరెస్ట్ సర్వే జీవితంలో ఒక ముఖ్య ఘట్టం నడిచింది మన గడ్డ మీద. 1818లో సర్వే అధిపతి లాంబ్టన్‌కు సహాయకుడుగా నియమితుడై హైదరాబాద్ వచ్చి, కృష్ణా గోదావరుల మధ్య నిజాం రాజ్యపు అడవుల్లో కొండ మీంచి కొండకు గురిపెట్టి త్రిభుజాలు కట్టుకుంటూ నేలను కొలిచాడు. గోదావరి అడవుల జ్వరం ఆయన ప్రాణం మీదికి తెచ్చింది. కోలుకోవడానికి దక్షిణాఫ్రికా కేప్ దాకా ఓడెక్కి పోవలసి వచ్చింది. ఆలిస్ ఆయనకు మనవరాలి వరస. మన అడవుల్లో తాత పేర్చిన త్రిభుజాలు నేలనంటుకుని సాగాయి. మనవరాలు పేర్చినవి ఈ లోకంలో చోటు లేని వైపుకు సాగాయి. ఈ చుట్టరికం తెలిసిన నాటి నుంచీ ఆమె నాకు పరాయి దేశపు మనిషిలా తోచడం మానేసింది.

ఆ చోటు లేని వైపు ఏమిటో చూద్దాం. చుక్కను ఒక వైపుకు లాగితే గీత. గీతను దానికి అడ్డంగా అంతే దూరం లాగితే చతురస్రం. చతురస్రాన్ని అంతే ఎత్తుకు లేపితే ఘనం. ఇక్కడిదాకా చేతులకు పని. ఇప్పుడు ఆ ఘనాన్ని, ఈ మూడు వైపులకూ సమంగా లంబంగా ఉండే నాలుగో వైపుకు లాగమంటే చెయ్యి గాలిలో ఆగిపోతుంది. లెక్క ఆగదు. మూలలు 1, 2, 4, 8 అని రెట్టింపవుతూ వచ్చాయి కనుక ఇప్పుడు 16 కావాలి. అంచులు 32, చతురస్రపు ముఖాలు 24. ఘనానికి ఆరు చతురస్రాలు గోడలైనట్టు, దీనికి ఎనిమిది ఘనాలు గోడలు. దీనికే హింటన్ టెసరాక్ట్ అని పేరు పెట్టాడు. గ్రీకులో నాలుగు అనే మాటనూ, కిరణం అనే మాటనూ కలిపాడు. ప్రతి మూల నుంచీ నాలుగు అంచులు కిరణాల్లా బయలుదేరుతాయి కాబట్టి ఆ పేరు అతికింది. ఎడమ కుడి, ముందు వెనక, కింద మీద అన్నట్టే నాలుగో వైపు రెండు చివరలకూ మాటలు కావాలి కదా, వాటికి 'ఆనా', 'కాటా' అని పెట్టాడు.

టెసరాక్ట్ అన్న మాట మొదట అచ్చయిన పుస్తకం కథ వేరే ఉంది. హింటన్ 1880లో ఆలిస్ పెద్దక్క మేరీ ఎలెన్‌ను పెళ్లాడాడు. 1883లో జాన్ వెల్డన్ అనే మారుపేరుతో ఇంకొక స్త్రీని కూడా పెళ్లాడాడు. 1886లో న్యాయస్థానం ముందు నిలబడ్డాడు. శిక్ష మూడు రోజుల జైలే, కానీ బడిలో ఉద్యోగం పోయింది, పరువు పోయింది. భార్య ఆయన్ను విడవలేదు. కుటుంబంతో జపాన్ వెళ్లిపోయాడు. వెళుతూ నాలుగో మితి మీద రాసుకున్న కాగితాలను ఇద్దరి చేతుల్లో పెట్టాడు. ఒకరు జాన్ ఫాక్ అనే మిత్రుడు. రెండోవారు ఆలిస్. అక్కకు అంత అన్యాయం జరిగి రెండేళ్లు తిరక్కుండానే, ఆ బావ కాగితాలు ముందు పెట్టుకుని, చెదిరినవి కూర్చి, లేనివి తానే రాసి చేర్చి, ప్రెస్సుకు ఇచ్చింది ఆమె. 1888లో పుస్తకం వచ్చింది. టెసరాక్ట్ అనే మాట లోకంలో అడుగుపెట్టింది అందులోనే. అట్ట మీద హింటన్ పేరుంది. ఆలిస్ పేరు లోపలి ముందుమాట కింద ఉంది.

ఆమె మనసులో ఏముందో ఎక్కడా రాసుకోలేదు. బావ మీది కోపం ఆ ఘనాల మీదికి పాకలేదన్నది మాత్రం చేసిన పనే చెబుతోంది.

1890లో వాల్టర్ స్టాట్ అనే బీమా గణకుణ్ని పెళ్లి చేసుకుంది. ఇద్దరు పిల్లలు. ఆదాయం తక్కువ, చాకిరీ ఎక్కువ. ఆ రోజుల్లోనే ఆమె చేతిలో పెరిగిన పనిని తలుచుకుంటే ఇప్పటికీ ఒళ్లు జలదరిస్తుంది నాకు.

ప్లేటో కాలం నుంచి లోకానికి తెలిసిన సంగతి ఒకటుంది. అన్ని ముఖాలూ సమాన భుజాలూ సమాన కోణాలూ ఉన్న ఒకే రూపమై, అన్ని మూలలూ ఒకేలా ఉండే కుంభాకార ఘనరూపాలు ఐదే. నాలుగు ముఖాలది, ఆరు ముఖాల ఘనం, ఎనిమిది ముఖాలది, పన్నెండు ముఖాలది, ఇరవై ముఖాలది. ఆరోది దొరకదు. మరి నాలుగో మితిలో అలాంటివి ఎన్ని? ఈ ప్రశ్న ఆలిస్‌కు ఎవరూ ఇవ్వలేదు. తనే వేసుకుంది, తనే తేల్చింది. ఆరు. వాటి గోడల లెక్క వరసగా 5, 8, 16, 24, 120, 600. ఇందులో 8 గోడలది టెసరాక్ట్. 24 గోడలదానికి మన లోకంలో తోబుట్టువు లేదు, పై మితుల్లోనూ లేదు. అది నాలుగో మితి సొంత సొత్తు. ఐదో మితి నుంచి పైకి ఎంత దూరం పోయినా మూడే మిగులుతాయి. మూడో మితి నుంచి లెక్కేస్తే నాలుగో మితి ఒక్కటే ఇంత సంపన్నం కావడం నాకు తెలిసిన అందమైన నిజాల్లో ఒకటి.

స్విట్జర్లండ్‌లో ష్లెఫ్లి అనే గణితజ్ఞుడు 1850 తరువాత రెండేళ్లలోనే ఈ ఆరింటినీ కనుక్కున్నాడు. రాసింది మరీ పొడవైందని అకాడమీ అచ్చెయ్యలేదు. పూర్తిగా అచ్చయ్యేసరికి 1901 వచ్చింది, ఆయన 1895లోనే పోయాడు. ఆలిస్‌కు ఇవేవీ తెలియవు. ఆమె దారి కూడా వేరు. ఆయనది సమీకరణాల దారి. ఆమెకు సమీకరణాలు రావు. ఆమె దగ్గరున్నవి అట్ట, కత్తెర, రంగు, ఆ చూపు.

ఆ చూపు ఎలా పనిచేసేదో చెప్పడానికి ఒక్క దొండకాయ చాలు. పీట మీద పెట్టి అడ్డంగా తరగండి. మొదట చిన్న చక్రం, తరువాత కొంచెం పెద్దది, నడిమధ్యన అన్నిటికన్నా పెద్దది, మళ్లీ తగ్గుతూ చివరికి చుక్క. పీట మీద పాకే చీమకు దొండకాయ అంటే ఏమిటో తెలియకపోయినా, ఆ చక్రాలను వరసగా చూస్తే ఆకారం ఊహించుకునే వీలుంటుంది. ఆలిస్ నాలుగో మితి రూపాలను అలా తరిగింది. ఒక్కో కోతకు వచ్చేది చక్రం కాదు, మన లోకంలో చేత్తో పట్టుకోగల ఘనరూపం. వాటిని ఒక్కొక్కటిగా అట్టతో కట్టింది. 600 గోడల రూపాన్ని కోస్తే చిన్న రూపంతో మొదలై, ముఖాలు పెరుగుతూ, మూలలు తెగుతూ, నడిమధ్యన పెద్దదై, మళ్లీ అదే వరసలో తగ్గిపోతుంది. ఏ కోత దగ్గర ఏ ముఖం పుడుతుంది, ఏది మాయమవుతుంది, అంతా ఆమె మనసులో చూసి, తరువాత అట్ట మీద గీసి, కత్తిరించి, అతికించి, రంగు వేసేది. పిల్లల పనులు ముగిశాక, వంటిల్లు సర్దుకున్నాక మిగిలే వేళల్లోనే ఇదంతా జరిగి ఉండాలి, వేరే వేళ ఆమెకు ఎక్కడిది?

అచ్చు వేయించాలని ఆమె అనుకోలేదు. కథ అక్కడే ఆగిపోయేది, భర్త కళ్లు చురుకైనవి కాకపోతే. గ్రోనింగెన్‌లో గణితాచార్యుడైన పీటర్ హెండ్రిక్ స్కౌటె ఈ రూపాల నడిమి కోతలను సమీకరణాలతో సాధించి ప్రచురించాడు. 1895 ప్రాంతంలో వాల్టర్ అది చూసి భార్యకు చూపించాడు. ఆమె తన అట్ట రూపాలతో పోల్చుకుంది. నడిమి కోత అచ్చుగుద్దినట్టు సరిపోయింది. పైగా ఆయన దగ్గర ఉన్నది నడిమిదే, ఆమె దగ్గర మొదటి కోత నుంచి చివరి కోత దాకా మొత్తం వరస ఉంది. ఫోటోలు తీయించి ఉత్తరం రాసింది. ఇంగ్లండ్ వచ్చి మీతో కలిసి పనిచెయ్యాలని ఉంది, ఎప్పుడు రమ్మంటారు అని జవాబు వచ్చింది.

ఆ తరువాత ఇరవై ఏళ్ల దాకా ఆయన వేసవి సెలవుల్లో వచ్చేవాడు. ఆమె చూసేది, ఆయన నిరూపించేవాడు. ఈ పనుల పంపకం గణిత చరిత్రలో అరుదు. అందులో ఎవరూ ఎవరినీ మింగలేదన్నది ఇంకా అరుదు. రాసినవి ఆమె పేరుతోనే బయటికి రావాలని ఆయన పట్టుబట్టి అచ్చు వేయించాడు. ఆమ్‌స్టర్‌డామ్ అకాడమీ 1900లో ఒకటి, 1910లో ఒకటి ప్రచురించింది. 1910 నాటి వ్యాసం పేరులో ఉంది మనం అసలు చెప్పుకోవలసిన మాట: పాలిటోప్.

దాన్ని పుట్టించింది ఆమె కాదు. 1882లో హోప్పె అనే జర్మన్ గణితజ్ఞుడు తన భాషలో వాడాడు. ఇంగ్లీషులోకి తెచ్చి నిలబెట్టింది ఆలిస్. అవసరం ఏమిటంటే, రెండు మితుల్లో గీతలు చుట్టి కట్టిన రూపానికి బహుభుజి అని పేరుంది. మూడు మితుల్లో ముఖాలు చుట్టి కట్టినదానికి బహుముఖి అని ఉంది. నాలుగు, ఐదు, వంద మితుల్లో కట్టినవాటికి ఏమనాలి? మితికొక పేరు పెట్టుకుంటూ పోతే పేర్లే చాలవు. ఎన్ని మితులైనా సరే, చదునైన గోడలతో మూసిన చోటు అయితే చాలు, అది పాలిటోప్. చతురస్రం పాలిటోపే, ఘనం పాలిటోపే, టెసరాక్ట్ పాలిటోపే. ఆమె చేతికి ఈ మాట దొరికేనాటికి దానితో పని ఉన్నవాళ్లు వేళ్ల మీద లెక్కపెట్టేటంత మంది.

ఇప్పుడు దానితో పని లేనివాళ్లే తక్కువ. మూడు మిల్లుల నుంచి నాలుగు ఊళ్లకు బియ్యం పంపాలనుకోండి. ఏ మిల్లు నుంచి ఏ ఊరికి ఎన్ని బస్తాలు అన్నవి 12 అంకెలు. ఆ 12 అంకెల జాబితా అంటే 12 మితుల్లో ఒక చుక్క. ఈ మిల్లులో ఇంతకన్నా సరుకు లేదు అన్న హద్దు ఒక గోడ. ఆ ఊరికి ఇంతకు తగ్గకూడదు అన్నది ఇంకొక గోడ. మైనస్ బస్తాలు ఉండవు కనుక ప్రతి అంకెకూ ఒక గోడ. ఈ గోడలన్నీ మూసిన చోటే పాలిటోప్. దాని లోపలి ప్రతి చుక్కా జరగగల ఒక ఏర్పాటు. కిరాయి బస్తాల లెక్కన పెరిగేదే అయితే, అతి తక్కువ కిరాయి పడే ఏర్పాటు దాని ఏదో ఒక మూలలో తప్పక ఉంటుంది. 1947లో గణితజ్ఞుడు డాంట్సిగ్ కనిపెట్టిన సింప్లెక్స్ పద్ధతి అంచు పట్టుకుని మూల నుంచి మూలకు నడుస్తూ దాన్ని వెతికి పట్టేది. 1984లో మన దేశం నుంచి వెళ్లిన నరేంద్ర కర్మార్కర్ బెల్ ల్యాబ్స్‌లో ఉండి, గోడల వెంట తిరగకుండా పాలిటోప్ లోపలి నుంచే దూసుకుపోయే దారి చూపించి ప్రపంచాన్ని అదరగొట్టాడు. విమానాల వేళలు, చమురు శుద్ధి కర్మాగారాల మిశ్రమాలు, కరెంటు పంపకం, ఇవన్నీ లెక్కగట్టే చోట రాత్రింబగళ్లు ఎవరూ చూడని మితుల్లో ఎవరూ చూడని మూలల కోసం వెతుకులాట జరుగుతూనే ఉంది.

మూల నుంచి మూలకు ఎన్ని అంచులు నడవాలి అన్నదాని మీద 1957లో హిర్ష్ అనే గణితజ్ఞుడు ఒక ఊహ చేశాడు. యాభై ఏళ్లకు పైగా అది నిజమో కాదో ఎవరికీ తేలలేదు. 2010లో స్పెయిన్ గణితజ్ఞుడు ఫ్రాన్సిస్కో సాంటోస్ 43 మితుల్లో 86 గోడలున్న పాలిటోప్ ఒకటి చూపించి ఆ ఊహ తప్పని నిరూపించాడు. 43 మితుల్లో ఒక ఇల్లు కట్టి, అందులో ఈ మూల నుంచి ఆ మూలకు మీరనుకున్నంత త్వరగా చేరలేరు అని చెప్పడం! ఆలిస్ చదివి ఉంటే ఎంత సంతోషించేదో.

బావ పెట్టిన మాట కూడా బతికే ఉంది, కాకపోతే రూపం మార్చుకుని. కొన్ని హాలీవుడ్ సినిమాల్లో టెసరాక్ట్ అంటే నీలంగా వెలిగే మామూలు ఘనం. పాత తెలుగు పుస్తకాల పుటలను ఫోటో తీసి ఇస్తే అక్షరాలు ఏరి పెట్టే ఉచిత సాఫ్ట్‌వేర్ ఒకటుంది, దాని పేరు కూడా టెసరాక్టే. మన వత్తులూ గుణింతాలూ చదవడానికి అది కుస్తీ పడుతుంటే, నాకు చెక్క ఘనాల పేర్లు వల్లెవేస్తున్న ముగ్గురు ఆడపిల్లలే గుర్తొస్తారు.

1913లో స్కౌటె కన్నుమూశాడు. ఆమె అట్ట, కత్తెర పక్కన పెట్టేసింది. పదిహేడేళ్లు. ఆ కాలంలో నాలుగో మితి గురించి ఆమె రాసి ప్రచురించింది ఏమీ లేదు. వేసవుల్లో కలిసి పనిచెయ్యడానికి వచ్చే మనిషే లేకపోయాడు.

1930లో అక్క మార్గరెట్ కొడుకు, పేరుమోసిన భౌతిక శాస్త్రజ్ఞుడు జి. ఐ. టేలర్, ఒక కుర్రాణ్ని ఆమెకు పరిచయం చేశాడు. పేరు డొనాల్డ్ కాక్సెటర్. కేంబ్రిడ్జ్ విద్యార్థి, ఇరవై మూడేళ్లవాడు. ఆమెకు డెబ్బై. నాలుగో మితిలో ఇద్దరూ ఒకే ఊరివాళ్లలా కలిసిపోయారు. ఆయన ఆమెను ఆంట్ ఆలిస్ అని పిలిచేవాడు. కేంబ్రిడ్జ్‌లో ఆచార్య బేకర్ ఆధ్వర్యంలో శనివారాలు టీ తాగుతూ గణితం మాట్లాడుకునే ఆనవాయితీ ఉండేది. అక్కడ ఇద్దరూ కలిసి ప్రసంగించారు. ఆమె తన అట్ట రూపాలు తీసుకెళ్లి విశ్వవిద్యాలయానికి ఇచ్చేసింది. ఒక్కసారి కూడా కాలేజీ బల్ల మీద కూర్చుని చదవని మనిషి, డెబ్బై దాటాక కేంబ్రిడ్జ్ గణితజ్ఞుల మధ్య నిలబడి నాలుగో మితిలో దారి చూపించింది.

1940 డిసెంబరు 17న ఆమె పోయింది. లండన్ మీద బాంబులు పడుతున్న చలికాలం అది. ఎనిమిదేళ్లకు, 1948లో, కాక్సెటర్ మహాగ్రంథం వచ్చింది. దాని పేరు 'రెగ్యులర్ పాలిటోప్స్'. ఆ మాట ఇంగ్లీషులోకి ఎవరి చేతిమీదుగా వచ్చిందో, ఆ చెయ్యి ఎలాంటిదో ఆయన అందులో ప్రేమగా రాశాడు. ఇవాళ ఆమె గురించి మనం చెప్పుకునేవాటిలో చాలా సంగతులు మిగిలింది ఆయన చలవే.

ఇంకొక యాభై ఏళ్లకు పైగా గడిచాయి. 2001 వసంతంలో గ్రోనింగెన్ విశ్వవిద్యాలయం గణిత భవనపు నేలమాళిగలో పాత కాగితపు చుట్ట ఒకటి బయటపడింది. విప్పితే బహుముఖుల బొమ్మలు, వరసగా. ముఖం ముఖానికీ రంగు వేసి, ఒక్క గీత తొణక్కుండా గీసినవి. మొదట చిన్నది, తరువాత పెద్దది, ఇంకా పెద్దది, మళ్లీ తగ్గుతూ తగ్గుతూ చిన్నది. గీసినవారు గొప్ప ఓపిక ఉన్న మనిషని చూడగానే తెలుస్తుంది. ఎవరన్నది మాత్రం తెలియదు. ఆ చుట్ట మీద సంతకం లేదు.

బొమ్మలను అచ్చయిన పాత వ్యాసాలతో పోల్చి చూశారు. ఆ వరస, ఆ పెరుగుదల, ఆ తరుగుదల వెనక ఒక్క మనిషే ఉండగలదని తేలింది. ఆమె గణితాన్నీ జీవితాన్నీ వెలికితీసే పని అదే విశ్వవిద్యాలయంలో ఐరీన్ పోలో-బ్లాంకో పరిశోధనలో భాగమైంది. 2007లో ఆ సిద్ధాంత గ్రంథం వచ్చింది. ఆ పనిలోనే గ్రోనింగెన్ పాత ఉత్సవాల దస్త్రాలు కూడా వెలుగు చూశాయి.

1914లో ఆ విశ్వవిద్యాలయానికి మూడు వందల ఏళ్లు నిండాయి. పండుగకు వచ్చే విశిష్ట అతిథులు ఎవరింట దిగాలో పేరుపేరునా రాసి పెట్టుకున్నారు. ఒక అతిథికి బస స్కౌటె భార్య ఇంట. ఆ అతిథి రాలేదు. రాకపోయినా ఇవ్వాలనుకున్నది ఇచ్చారు: గణితంలో గౌరవ డాక్టరేట్, శ్రీమతి అలీసియా బూల్ స్టాట్‌కు.